ఒక్క రోజులో బెజవాడ: కథ ఎవరు చెప్పాలి?

విజయవాడ వన్ డే టూర్ అంటే ఏముంటుందో మనందరికీ తెలిసిందే. పొద్దున్నే దుర్గమ్మ దర్శనం, బ్యారేజి మీద ఫొటోలు, ఉండవల్లి గుహలు, కొండపల్లి బొమ్మలు, మంగళగిరి పానకం, టైం మిగిలితే భవానీ ద్వీపం. ఈ మధ్య కొందరు దీనికి ఇంకో ఐటెం కూడా తగిలిస్తున్నారు. దాని పేరు "కల్చరల్ ప్రోగ్రాం".

పోయినేడు మా టీం లో పూణె వాళ్ళు నలుగురు వస్తే, లోకల్ వాణ్ణి కదా అని నేనే ఒక టెంపో ట్రావెలర్ మాట్లాడాను. తిప్పినంత సేపు బాగానే తిప్పారు. సాయంత్రం ఒక హాల్లో కూర్చోబెట్టి, రికార్డు పెట్టి, ఇద్దరు అమ్మాయిల చేత ఇరవై నిమిషాలు కూచిపూడి చేయించారు. అమ్మాయిలు చక్కగా చేసారు, వాళ్ళని అనేదేమీ లేదు. కానీ ఆ నాట్యానికి పేరిచ్చిన ఊరు అక్కడికి అరవై కిలోమీటర్ల లోపే ఉందన్న ముక్క కూడా ఎవరూ చెప్పలేదు. "వెరీ ఏన్షియెంట్ డాన్స్ సార్" అన్నాడు గైడు. అక్కడితో మన కల్చర్ అయిపోయింది, బిర్యానీకి బయల్దేరాం :-)

దీన్ని ఇంకో టూర్ తో పోల్చకుండా ఉండలేకపోయాను. అంతకు ముందు ఏడాది ఆన్‌సైట్ పని మీద ఆక్లాండ్ లో మూడు నెలలున్నాను. అక్కడా ఇలాంటిదే ఒక రోజు టూర్ ఉంటుంది, పొద్దున సిటీ చూపించడం, మధ్యలో మావోరీ సంస్కృతి. నడిపేది మావోరీలే. సైట్ సీయింగ్ ఒక పక్క, కల్చర్ ఒక పక్క అని రెండు ముక్కలు లేవు అందులో. చూపించిన ప్రతి చోటా వాళ్ళ కథే ఉంది.

మౌంట్ ఈడెన్ అని ఊరి మధ్యలో ఒక చల్లారిన అగ్నిపర్వతం ఉంది. అందరూ అక్కడికి సిటీ వ్యూ కోసం ఎక్కుతారు. మా గైడు ముందు దాని మావోరీ పేరు చెప్పాడు, మౌంగాఫౌ. తర్వాత కొండ వాలు మీద మెట్లు మెట్లుగా ఉన్న నేలని చూపించాడు. అది ప్రకృతి చేసింది కాదు, ఒకప్పుడు అక్కడ కోట కట్టుకుని బతికిన జనం తవ్వింది. చిలగడదుంపలు దాచుకున్న గుంతలు ఇంకా కనిపిస్తాయి. నగరంలో ఉన్న ఇలాంటి కొండల్లో చాలావాటి హక్కు 2014 లో పదమూడు మావోరీ తెగలకి చట్టం ద్వారా తిరిగి వచ్చింది.

అక్కణ్ణించి బాస్టియన్ పాయింట్. సముద్రం పక్కన పచ్చటి గడ్డి మైదానం, పోస్టు కార్డులా ఉంటుంది. అక్కడ గైడు చెప్పింది వ్యూ గురించి కాదు. 1840 లో బ్రిటిష్ గవర్నర్ హాబ్సన్ కి ఊరు కట్టుకోమని దాదాపు 3000 ఎకరాలు ఇచ్చింది న్గాటి ఫాతువా అనే తెగ. ఆ స్థలమే ఆక్లాండ్ అయింది. ఆ తర్వాత వందేళ్ళలో వాళ్ళ మిగతా భూమి కూడా ముక్కముక్కలుగా పోయింది. 1950 ల మొదట్లో ఆఖరికి మిగిలిన గూడాన్ని కూడా ఖాళీ చేయించి ఇళ్ళు తగలబెట్టారు. 1977 జనవరి లో, ఆ గుట్ట మీద ఖరీదైన ఇళ్ళు కడతామని ప్రభుత్వం అంటే, జో హాక్ అనే ఆయన నాయకత్వంలో జనం వచ్చి గుడారాలు వేసుకుని కూర్చున్నారు. 506 రోజులు కూర్చున్నారు. 1978 మే 25న పోలీసులూ, సైన్యం వచ్చి 222 మందిని అరెస్ట్ చేసి ఖాళీ చేయించారు. తర్వాత పదేళ్ళకి ప్రభుత్వమే ఆ భూమి తిరిగి ఇవ్వడానికి ఒప్పుకుంది.

ఇదంతా చెప్పిన మనిషి ఆ తెగ వాడే. ఆయన గొంతులో కోపం లేదు, కానీ "వెరీ ఏన్షియెంట్" కూడా లేదు.

ఇక్కడ ఒక మాట. న్యూజీలాండ్ లో అంతా బ్రహ్మాండం, మన దగ్గర అంతా నాసిరకం అని రాయడం నా ఉద్దేశం కాదు. అక్కడ కూడా టూరిస్టుల కోసం నాలుక బయటపెట్టి హాకా చేయించే భోజనశాలలు బోలెడు. అసలు ఈ గైడు వృత్తి ఎలా పుట్టిందో చూస్తే అది అంత తేలిగ్గా వచ్చిన గౌరవం కాదని తెలుస్తుంది.

1880 ల దాకా న్యూజీలాండ్ లో అందరూ చూడాలనుకునేది తారావెరా పర్వతం దగ్గర ఉండే గులాబీ, తెలుపు రంగు మెట్ల ఊటలు. అక్కడ పడవ నడిపేదీ, దారి చూపేదీ, డబ్బు వసూలు చేసుకునేదీ తూహోరంగి అనే మావోరీ తెగ వాళ్ళే. 1886 జూన్ 10న ఆ పర్వతం బద్దలైంది. ఊళ్ళు బూడిదలో కూరుకుపోయాయి, సుమారు 120 మంది చనిపోయారు, ఆ మెట్లు మాయమయ్యాయి. మిగిలినవాళ్ళు రోటోరువా దగ్గర ఫాకరేవరేవా అనే వేడినీటి బుగ్గల ఊళ్ళో బంధువుల దగ్గర తలదాచుకుని, అక్కడ మళ్ళీ గైడులుగా బతుకు మొదలుపెట్టారు. వాళ్ళలో ఎక్కువమంది ఆడవాళ్ళు. సోఫియా హినెరంగి అనే ఆవిడ పేరు అప్పటి యాత్రికులందరికీ తెలుసు. 1901 లో న్యూజీలాండ్ ప్రభుత్వం టూరిజానికి ప్రత్యేకంగా ఒక శాఖ పెట్టింది, ప్రపంచంలో అలాంటిది అదే మొదటిదంటారు. అప్పట్నించి ఆ గైడుల మీద సర్కారు పెత్తనం కూడా మొదలైంది.

ఆ గైడుల్లోంచే మాకరేటి పాపకురా వచ్చింది. అందరూ మాగీ అనేవాళ్ళు. 1901 లో, తర్వాత అయిదో జార్జి రాజు అయిన ఆయన భార్యతో సహా వస్తే ఊరంతా తిప్పి చూపించింది ఈవిడే. తర్వాత ఇంగ్లండ్ వెళ్ళి, యాభై దాటాక ఆక్స్‌ఫర్డ్ లో మానవశాస్త్రం చదివి, తన జనం గురించి తనే థీసిస్ రాసింది. పరీక్షకి కొద్ది వారాల ముందు 1930 లో చనిపోయింది. ఆ రచన 1938 లో పుస్తకంగా వచ్చింది. 2025 లో ఆక్స్‌ఫర్డ్ ఆవిడకి డిగ్రీ ఇచ్చింది, చనిపోయిన 95 ఏళ్ళకి!

గైడు పండితురాలైన ఈ కథ చదువుతుంటే నాకు మన ఏలూరు వాళ్ళు గుర్తొచ్చారు, కావలి సోదరులు. వీళ్ళ గురించి మన స్కూల్ పుస్తకాల్లో ఒక్క లైనైనా చదివినట్టు నాకు గుర్తు లేదు. కల్నల్ కాలిన్ మెకెంజీ పేరు మాత్రం విని ఉంటారు. సర్వే చేసుకుంటూ దక్షిణ దేశమంతా తిరిగి శాసనాలు, వ్రాతప్రతులు, ఊళ్ళ చరిత్రలు పోగుచేసిన దొర. 1797 లో అమరావతి స్తూపం చూసి లోకానికి చెప్పింది ఆయనే. (వాసిరెడ్డి వెంకటాద్రి నాయుడు కొత్త ఊరు కట్టిస్తుంటే ఆ రాళ్ళు బయటపడ్డాయి. వాటిలో చాలా భాగం ఇప్పుడు లండన్ లోనూ, చెన్నై లోనూ ఉన్నాయి, అది వేరే ఏడుపు.) అయితే ఆ దొరకి తెలుగు రాదు, సంస్కృతం రాదు. ఊళ్ళోకి వెళ్ళి కరణాన్ని మంచి చేసుకుని, కవిలె కట్టలు విప్పించి, ముసలివాళ్ళ చేత మాట్లాడించింది కావలి బొర్రయ్య, ఆయన తమ్ముళ్ళు లక్ష్మయ్య, రామస్వామి, వాళ్ళ కింద పనిచేసిన మనుషులు. మనం ఇవాళ "కైఫీయతులు" అంటున్న ఊరి చరిత్రలన్నీ అలా వచ్చినవే.

బొర్రయ్య 1803 లో చిన్న వయసులోనే పోయాడు. మెకెంజీ 1821 లో పోయాక, మిగిలిన పని నేను పూర్తి చేస్తానని లక్ష్మయ్య ముందుకొచ్చాడు. పాతికేళ్ళ అనుభవం ఉన్న మనిషి. కలకత్తా ఏషియాటిక్ సొసైటీ లో జేమ్స్ ప్రిన్సెప్ (అవును, అశోకుడి బ్రాహ్మీ లిపి చదివిన ఆ ప్రిన్సెప్పే) 1836 లో దానికి ఒప్పుకోలేదు. ఇలాంటి పనిని పైనుంచి నడిపించే బుర్ర నేటివులకి ఉండదన్నది ఆయన వాదన సారాంశం. సమాచారం తేవడానికి పనికొస్తాడు, కథ చెప్పడానికి పనికిరాడు అన్నమాట. ఆఫ్‌షోర్ టీం లో పనిచేసిన ఎవరికైనా ఈ డైలాగ్ కొత్తగా ఉండదు, మనకీ డిజైన్ మీటింగులకి పిలుపు రాని రోజులు ఉన్నాయి కదా.

సరే, బెజవాడకి వద్దాం.

బ్యారేజి మీద టూర్ వాళ్ళు చెప్పేది దాని పొడవు, దానికున్న 70 గేట్లు, లైటింగ్. అక్కడ చెప్పాల్సిన కథ 1832-33 నందన కరువుతో మొదలవుతుంది. ఒక్క గుంటూరు జిల్లా లోనే అయిదు లక్షల జనాభాలో లక్షన్నర నుంచి రెండు లక్షల మంది పోయారని అంచనా. పక్కనే నిండుగా కృష్ణ పారుతుంటే! ఆ తర్వాతే ఆర్థర్ కాటన్ పథకం మీద కెప్టెన్ ఆర్ 1852-55 మధ్య ఆనకట్ట కట్టించాడు. అటు ఇంద్రకీలాద్రి, ఇటు సీతానగరం కొండ, రాయి ఈ రెండు కొండల్లోంచే తీశారు. అంటే దుర్గమ్మ కొండని చూస్తున్నప్పుడు సగం ఆనకట్టని కూడా చూస్తున్నట్టే. 1952 లో అది తెగితే 1954-57 మధ్య ఇప్పటి బ్యారేజి కట్టి ప్రకాశం పంతులు గారి పేరు పెట్టారు. ఇప్పుడైతే 2024 సెప్టెంబరు వరద కూడా చెప్పాలి. పదకొండు లక్షల క్యూసెక్కులు పైగా ఈ గేట్ల కిందనించి పోయింది, కొట్టుకొచ్చిన పడవలు గేట్లని గుద్దుకున్నాయి, అటు బుడమేరు పొంగి సింగ్ నగర్ రోజుల తరబడి నీళ్ళలో ఉంది. సింగ్ నగర్ కుర్రాడు ఒకడు బ్యారేజి మీద నిలబడి ఇది చెప్తే ఎలా ఉంటుందో ఊహించండి.

ఉండవల్లి గురించి ఎక్కువ రాయను. నాలుగంతస్తుల గుహ, పడుకున్న అనంతపద్మనాభుడు. అది అందరూ చూపిస్తారు, చూడాల్సిందే కూడా.

కొండపల్లి లో మాత్రం ఆగాలి. మన వాళ్ళు షాపు ముందు బండి ఆపుతారు, అంబారీ ఏనుగు, దశావతారాలు బేరం చేస్తాం, వచ్చేస్తాం. చేసేవాళ్ళ ఇళ్ళు ఆ వీధిలోనే ఉంటాయి. తెల్ల పొణికి కర్ర తెచ్చి, ఎండబెట్టి, ఏ భాగానికి ఆ భాగం చెక్కి, రంపపు పొట్టులో చింతగింజల పిండి కలిపిన ముద్దతో అతికిస్తారు. చేతులు, తొండాలు, పడగలు ఆ ముద్దతోనే తిరుగుతాయి. తర్వాత సున్నం, దాని మీద రంగులు. ఆ కుటుంబాలని ఆర్యక్షత్రియులంటారు, రాజస్థాన్ వైపు నుంచి వచ్చామని చెప్పుకుంటారు. పొణికి చెట్టు చుట్టుపక్కల అడవిలో తగ్గిపోతుండటం వాళ్ళ అసలు సమస్య. బొమ్మ మీద బేరమాడే ముందు ఈ ఒక్క మాట చెప్తే కనీసం నలుగురిలో ఒకరైనా బేరం మానేస్తారని నా నమ్మకం.

ఇక కూచిపూడి. నేనసలు ఇదంతా మొదలెట్టింది దీని కోసమే.

కూచిపూడి భాగవతుల గురించి దొరికే తొలి కబుర్లలో ఒకటి మాచుపల్లి కైఫీయతు లో ఉంది. అవును, పైన చెప్పిన మెకెంజీ మనుషులు పోగుచేసిన కైఫీయతుల్లోదే, కడప జిల్లా సిద్ధవటం ప్రాంతానిది. అందులో కథ ఏంటంటే, 16వ శతాబ్దం మొదట్లో సిద్ధవటం సీమని సమ్మెట గురవరాజు ఏలేవాడు. డబ్బు వసూలు కోసం ఆడవాళ్ళని కూడా చిత్రహింసలు పెట్టేవాడు. అటుగా వెళ్తున్న కూచిపూడి వాళ్ళు అది చూశారు. విజయనగరం వెళ్ళి వీర నరసింహరాయల ముందు ఆడే అవకాశం వచ్చినప్పుడు, పురాణం కట్టిపెట్టి, ఒకడు గురవరాజు వేషం, ఒకడు ఆడ వేషం కట్టి తాము చూసిందే ఆడి చూపించారు. రాజు ఇదేంటని విచారించి, సైన్యాన్ని పంపి గురవరాజుకి మరణదండన వేయించాడట.

కైఫీయతులన్నీ అక్షరాలా నిజమని నేననను. కానీ ఒక ఊరి కళాకారుల గురించి జనం ఇలా చెప్పుకున్నారంటే అది మామూలు విషయమా? రాజు ముందు నిలబడి అధికారి మీద కంప్లైంట్ ఇచ్చిన నాట్యం ఇది. మనం దాన్ని ఏసీ హాల్లో స్టార్టర్ల పక్కన సర్వ్ చేస్తున్నాం.

మిగతా కథలో సంప్రదాయం చెప్పేదీ, కాగితాల్లో దొరికేదీ కలిసిపోయి ఉంటాయి. సిద్ధేంద్రయోగి భామాకలాపం కట్టి, కూచిపూడి బ్రాహ్మణ కుటుంబాల్లో పుట్టిన ప్రతి మగపిల్లాడూ జీవితంలో ఒక్కసారైనా సత్యభామ వేషం కట్టాలని మాట తీసుకున్నాడంటారు. గోల్కొండ తానీషా ఆట చూసి మెచ్చి ఊరిని భాగవతులకి అగ్రహారంగా ఇచ్చాడంటారు. మగవాళ్ళే ఆడవేషం కట్టడం అలా ఆ ఊరి గుర్తు అయింది. వేదాంతం సత్యనారాయణ శర్మ గారు (2012 లో పోయారు) సత్యభామ గా వస్తే మగవాడంటే నమ్మేవాళ్ళు కాదని మా తాతయ్య చెప్పేవాడు. 1970 లో ఆయనకి పద్మశ్రీ వచ్చింది.

మరి ఇప్పుడు మనకి తెలిసిన కూచిపూడి, అంటే మన అక్కచెల్లెళ్ళు స్కూల్ యానివర్సరీ లో చేసేది, ఒక్కరే నిలబడి ఆడేది, ఎక్కడ నుంచి వచ్చింది? ఇది చాలా వరకు 20వ శతాబ్దపు కథ. వేదాంతం లక్ష్మీనారాయణ శాస్త్రి లాంటి గురువులు ఊరి బయటి ఆడపిల్లలకి కూడా నేర్పారు. వెంపటి చినసత్యం మద్రాసు వెళ్ళి 1963 లో కూచిపూడి ఆర్ట్ అకాడమీ పెట్టాడు. మధ్యలో ఇంకోటి జరిగింది. 1956 లో ఆంధ్రప్రదేశ్ వచ్చింది. తమిళులకి భరతనాట్యం ఉంది, కేరళకి కథకళి ఉంది, మనకేంటి? 1958 లో ఢిల్లీ సంగీత నాటక అకాడమీ సదస్సులో కూచిపూడి అసలు విడి శాస్త్రీయ నాట్యమా అన్న దగ్గర వాదన వచ్చింది. మన వాళ్ళకి కాలింది. మర్నాటి ఏడే, 1959 లో, హైదరాబాద్ లో ప్రత్యేకంగా కూచిపూడి మీద సదస్సు పెట్టి ఇది శాస్త్రీయమే అని నిలబెట్టుకున్నారు. ఏలూరు లాయరు, రంగస్థల నటుడు బందా కనకలింగేశ్వరరావు గారు దీనికోసం పడిన కష్టం తక్కువేం కాదు. "ఏన్షియెంట్" కి సర్టిఫికెట్ వచ్చి ఇంకా డెబ్భై ఏళ్ళు కాలేదన్నమాట.

ఆ సర్టిఫికెట్ లో ఎవరి పేరు లేదు? కళావంతులు.

కృష్ణా గోదావరి జిల్లాల్లో గుళ్ళలో, పెళ్ళి మేజువాణీల్లో తరతరాలుగా ఆడి పాడింది వీళ్ళు. కూచిపూడికి పక్కనే మొవ్వ ఉంది, క్షేత్రయ్య ఊరు, మువ్వగోపాలుడి గుడి ఉన్న ఊరు. క్షేత్రయ్య పదాలని అభినయంతో మూడొందల ఏళ్ళ పాటు బతికించింది ఎక్కువగా ఈ ఆడవాళ్ళే. కలాపాలు వాళ్ళూ ఆడేవాళ్ళు, కూచిపూడి గురువులకీ వాళ్ళకీ మధ్య నేర్చుకోవడాలు, నేర్పడాలు ఉండేవి. బందరులో పుట్టిన రఘుపతి వెంకటరత్నం నాయుడు గారు భోగం మేళాలకి వ్యతిరేకంగా ఉద్యమం నడిపారు. 1947 లో మద్రాసు రాష్ట్రంలో దేవదాసి నిషేధ చట్టం వచ్చింది. చిన్నపిల్లల్ని గుడికి అంకితమివ్వడం ఆగాల్సిందే, దాని మీద నాకు రెండో అభిప్రాయం లేదు. కానీ ఆచారంతో పాటు ఆ ఆడవాళ్ళ విద్య కూడా సిగ్గుపడాల్సిన విషయమైపోయింది. వాళ్ళు ఇళ్ళలో తలుపులేసుకున్నారు. పదేళ్ళు తిరక్కుండానే, అదే పదం, అదే అభినయం స్టేజి మీద "శాస్త్రీయం" అయింది, ఆడేవాళ్ళు వేరు. నటరాజ రామకృష్ణ గారు ఊరూరా తిరిగి ముసలి కళావంతుల దగ్గర కూర్చుని నేర్చుకుని, 1970 లో దానికి ఆంధ్రనాట్యం అని పేరు పెట్టి మళ్ళీ వేదిక ఎక్కించకపోతే ఆ కాస్తా దొరికేది కాదు.

మన ఐటీ వాళ్ళకి ఈ ఊరితో సంబంధం లేకపోలేదు. కాలిఫోర్నియా లో పుట్టిన సిలికానాంధ్ర వాళ్ళు ఈ నాట్యాన్ని భుజానేసుకున్నారు, కూచిపూడి ఊరిని దత్తత తీసుకుని ఆస్పత్రి కూడా కట్టించారు. 2016 డిసెంబరు లో విజయవాడలో 6,117 మంది ఒకేసారి ఆడి గిన్నిస్ రికార్డు కొట్టారు. దాని వెనకాల శ్రమ ఉంది, కాదనను. ఆ ఆరు వేల మందిలో అత్యధికులు ఆడపిల్లలే. ఆడది స్టేజి ఎక్కకూడదన్న ఊరి పేరుతో! ఇది వెక్కిరింపు కాదు, ఇంత మంచి కథ చేతిలో పెట్టుకుని మనం లెక్క మాత్రమే చెప్పుకుంటున్నామని బాధ.

బాస్టియన్ పాయింట్ గైడు తన తెగ ఓడిపోయిన సంగతి కూడా మాకు చెప్పగలిగాడు. ఎందుకంటే ఆ కథ వాళ్ళది, డబ్బూ వాళ్ళకే వెళ్తుంది, ఏది చెప్పాలో ఏది దాచాలో నిర్ణయించేదీ వాళ్ళే. కూచిపూడి లో ఇప్పటికీ ఆ కుటుంబాలు ఉన్నాయి, వేదాంతం, వెంపటి, చింతా, పసుమర్తి. వాళ్ళ అరుగు మీద కూర్చుని సత్యభామ జడ గురించి ఒక గంట వింటే చాలు. అయితే ఒక్క అగ్రహారం చేతే చెప్పిస్తే సగం కథే వస్తుంది. కళావంతుల మనవరాళ్ళలో చెప్పడానికి ఇష్టపడేవాళ్ళు ఉంటే వాళ్ళూ చెప్పాలి. ఇష్టం లేకపోతే ఆ మౌనాన్ని కూడా గౌరవించాలి. వాళ్ళ అమ్మమ్మలని ప్రదర్శనకి పెట్టే హక్కు మనకి లేదు.

మా పూణె వాళ్ళు మళ్ళీ వస్తామంటున్నారు. ఈసారి ప్లాన్ నేనే వేశాను. పొద్దున ఆరున్నరకి బ్యారేజి, అక్కడ నుంచి ఉండవల్లి గంట. తొమ్మిదికల్లా కొండపల్లి, షాపు కాదు, చెక్కే ఇల్లు. భోజనం దారిలో పామర్రు దగ్గర. రెండున్నరకి కూచిపూడి, నాలుగున్నర దాకా అక్కడే, మాట్లాడేవాళ్ళకి మాట్లాడినందుకు డబ్బిచ్చి. అయిదింటికి మొవ్వ గుడి. పదం ఒకటి పాడించగలిగితే పాడించాలి, రికార్డు వద్దు. మంగళగిరి పానకం, భవానీ ద్వీపం కట్. ఎనిమిదింటికి బెజవాడ వచ్చేస్తాం, బిర్యానీకి ఇంకా టైం ఉంటుంది.